ఎవరి పేరున ఎవరి రక్తం

ఫిబ్రవరి 9

గౌరవనీయులైన శాస్త్రవేత్త గారికి,

అత్తా అని రాయడానికి చెయ్యి రావడం లేదు. ఫోన్ చేద్దామనుకున్నాను గానీ ఫోన్లో నేను అరుస్తాను, నువ్వు పెట్టేస్తావు. కిందటిసారి అదే అయింది. కాగితమైతే ఇద్దరం చివరిదాకా వినక తప్పదు.

ఇవాళ పొద్దున ఫ్యాక్టరీ గేటు పక్కన నోటీసు అంటించారు. గ్రైండింగ్ హాల్లో పనిచేస్తున్నవాళ్లు, ఇదివరకు చేసినవాళ్లు అందరూ క్యాంటీన్‌కి వచ్చి రక్తం ఇవ్వాలట. పరిశోధనట. కింద మీ సంస్థ ముద్ర, దాని కింద నీ సంతకం. ఆ పక్కనే మా కంపెనీ ముద్ర. రెండూ భుజాలు రాసుకుంటూ కూర్చున్నాయి. చూడగానే ఒళ్లు మండిపోయింది.

నువ్వు ఆ హాలు ఎప్పుడూ చూడలేదు కాబట్టి చెబుతాను. రెండు వరుసల సానరాళ్లు. బెరిలియం కలిసిన లోహపు ముక్కల్ని వాటికి ఆనించి నునుపు చేస్తాం. రేగే ధూళి కంటికి ఆనదు. దాన్ని లాగేసే గొట్టాలు పెట్టమని నాన్న అడిగాడు. అడిగి అడిగి, ఊపిరితిత్తులు గడ్డలు కట్టాక ఇంట్లో కూర్చున్నాడు. ఇప్పుడు బాత్రూమ్‌కి వెళ్లి రావాలంటే మధ్యలో గోడ పట్టుకుని నిలబడతాడు. ఆ సానరాయి దగ్గరే నేను నిలబడి అవే గొట్టాలు అడుగుతున్నాను. ఎట్టకేలకు కార్మిక శాఖ విచారణ వేసింది. గొట్టాలు పెట్టేదాకా హాలు మూయించాలా, ఇలాగే నడవనివ్వాలా అన్నది ఏప్రిల్లో తేలుస్తారు. సరిగ్గా ఇప్పుడే నీకు మా రక్తం కావలసి వచ్చింది.

నేను కాలేజీ గడప తొక్కలేదు, నిజమే. కానీ చదువుతాను. నా దగ్గరున్న ఒక కరపత్రంలో స్పష్టంగా ఉంది. ఫలానా జన్యువు ఉన్నవాడికే జబ్బు వస్తుందని ఒక్క శాస్త్రవేత్త చేత అనిపిస్తే చాలు, ధూళి ఏ పాపం ఎరగనిదైపోతుంది. జన్యువు ఉన్నవాడికి ఉద్యోగం ఉండదు. లేనివాడికి గొట్టాలు ఉండవు.

గంట బాబాయ్ నీకు తెలుసుగా. నాన్నతో కలిసి పనిలో చేరినవాడు. మాట్లాడితే హాలు అవతలి గోడ మోగుతుంది కాబట్టి ఆ పేరు. అన్నేళ్లు అదే ధూళి పీల్చాడు, చిన్న దగ్గు కూడా లేదు. పిన్ని పోరు పడలేక ఈమధ్యే స్టోరుకి మారాడు. ఆయన్ని చూపించి మేనేజర్లు నాన్నతో, "లోపం నీ ఒంట్లోనే ఉందయ్యా" అనేవాళ్లు. నాన్న నమ్మేశాడు. ఇక దానికి నువ్వు ముద్ర వేస్తావన్నమాట.

మేం చేయాల్సింది మేం చేస్తాం.

ఇట్లు,
సానరాయి దగ్గర నిలబడే ఒక కార్మికుడు

ఫిబ్రవరి 17

ఒరేయ్ అబ్బాయ్,

నన్ను గౌరవనీయులైన అని ఇక్కడెవరూ పిలవరు. వెనకాల పిలిచే పేరు ఎలుకల మేడమ్. అది కూడా ముద్దుగా కాదు.

ఆ పేరు ఎలా వచ్చిందో చెబుతాను, కోపం కాసేపు పక్కన పెట్టి చదువు. నేను పరిశోధనలో చేరినప్పుడు మా గురువుగారు అప్పగించిన పని ఒక ఎలుక వీపు మీద ఇంకో ఎలుక చర్మం అతికించడం. కొన్నిట్లో అతుక్కునేది. కొన్నిట్లో నల్లబడి ఊడిపోయేది. ఎందుకు? ఆ ఒక్క ప్రశ్న చుట్టూ నా జీవితం తిరిగింది. కొన్నేళ్లకి అది జన్యువుల గుంపు ఒకటి చేసే పని అని అర్థమైంది. తర్వాత మనుషుల్లో వాటిని చదవడం నేర్చుకున్నాం. ఎవరి మూత్రపిండం ఎవరికి సరిపోతుందో చెప్పే పని చాలాకాలం చేశాను. ఆ తర్వాత అన్నయ్యకి జబ్బు చేసింది. నేను ఈ లోహం వైపు తిరిగాను.

మన ఒంట్లో కాపలా కాసే కణాలు కొన్ని ఉన్నాయి. అవి తమకి దొరికినదాన్ని ఒక చిన్న పళ్లెంలో పెట్టి పైకి చూపిస్తాయి. అది చూసి కావలివాళ్లు లేస్తారా, పట్టించుకోకుండా పోతారా అన్నది చాలావరకు పళ్లెం ఆకారం మీద ఉంటుంది. ఆ ఆకారం నాన్న నుంచి ఒకటి, అమ్మ నుంచి ఒకటి వస్తుంది. ఒకరకం పళ్లెంలో ఈ లోహం ఇమిడి కూర్చుంటుంది. కావలివాళ్లు రెచ్చిపోతారు. దొంగని పట్టుకోవడానికి వచ్చి ఇల్లే తగలబెడతారు. అన్నయ్య ఊపిరితిత్తుల్లో ఉన్నవి ఆ మంట తాలూకు గడ్డలే.

నీ కరపత్రం రాసినవాడు తెలివితక్కువవాడు కాదు. మీ పర్సనెల్ మేనేజరు పేర్లతో సహా ఫలితాలు పంపమని నాకు రాశాడు. పంపనని జవాబిచ్చాను. ఎవరి ఫలితం వాళ్లకే, అంటించిన కవరులో వస్తుంది.

ఈ రక్తంతో ఏం తేల్చబోతున్నావు అంటావు. చెప్పను. తేలకముందే చెబితే ఇక దాన్నే వెతుక్కుంటాను. ఇది నాకు మొదటి నుంచీ ఉన్న పద్ధతి. ఒక్క మాట మాత్రం నమ్ము, నేను మీ కంపెనీకి చుట్టాన్ని కాదు.

వదినని అడిగానని చెప్పు. అన్నయ్యని ఎక్కువ మాట్లాడించకు.

మీ అత్త

మార్చి 2

అత్తా,

నీ పళ్లెం కథ గంట బాబాయ్‌కి చెప్పాను. "నా పళ్లెంలో లోహం ఎక్కడ ఇముడుతుందిరా, అన్నం పెట్టడానికే చోటు చాలదు" అన్నాడు.

నువ్వు సంతోషించే సంగతి. అందరం రక్తం ఇచ్చాం. ఒక్కరు కూడా ఎగ్గొట్టలేదు. లైను క్యాంటీన్ మెట్లు దిగి సైకిళ్ల షెడ్డు దాకా వెళ్లింది. మీ నర్సులు మంచివాళ్లు, పేరు అడగడం, గాజు గొట్టం మీద చీటీ అంటించడం, సూది గుచ్చడం, బిస్కెట్ ఇవ్వడం. సూపర్‌వైజరు దూరంగా మెట్ల దగ్గర చేతులు కట్టుకుని చూస్తూ, "మీవాళ్లు ఇంత బుద్ధిమంతులని తెలియదు" అన్నాడు. నేను నవ్వాను.

నాన్నని బండిలో తీసుకొచ్చాను. కుర్చీలో కూర్చోబెట్టి లైను ముందుకి పంపించారు. తిరిగొచ్చేటప్పుడు దారంతా గొణుగుతూనే ఉన్నాడు. ఎందుకో తర్వాత చెబుతాను.

నీ మేనల్లుడు

మార్చి 28

నాన్నా,

ఈ ఉత్తరం రెండుసార్లు మొదలుపెట్టి చింపేశాను.

ముందు పని సంగతి. కవర్లు అన్నీ పోస్టులో వేశాం. నివేదిక ముగింపుకొచ్చింది. మధ్యలో ఒకచోట లెక్క కుదరక, రక్తం గొట్టాలు కలిపేసిందని మా ల్యాబ్ అమ్మాయిని అందరి ముందూ కోప్పడ్డాను. ఆ పని నుంచి తప్పించాను కూడా. నేనే కూర్చుని మళ్లీ మళ్లీ చేశాను. తప్పు ల్యాబ్‌లో జరగలేదు. అలాంటప్పుడు మనిషి ఇంకో జవాబు వెతుక్కోవాలి.

నీకు ఈ ఏడాది పుస్తకాలు పంపలేదు, పంపుతాను. నీకు చిన్నప్పుడు ఒంట్లో బాగుండకపోతే అన్నయ్య భుజం మీదే పడుకునేవాడివి, గుర్తుందా? నిన్ను దింపితే ఏడుస్తావని నిలబడే భోజనం చేసేవాడు. మనిషిని మనిషికి కట్టి ఉంచేది ఒక్క రక్తమే కాదు. ఇది నేను, ఈ పని చేసేదాన్ని, చెబుతున్నాను. ఏం తెలిసినా ఏం తెలియకపోయినా నువ్వు నాకు మేనల్లుడివే.

వదిన ఎలా ఉంది? ఆమెని ఏమీ అడగకు. ఆమె నాకెప్పుడూ ఒక్క పరుషమైన మాట అనలేదు.

అత్త

ఏప్రిల్ 3

అత్తా,

నీ ఉత్తరం అర్థం కాలేదనుకున్నావా? బాగా అర్థమైంది. రక్తమే ముఖ్యం కాదట. అంటే, రేపు విచారణలో మా అందరి మెడ మీద కత్తి పెట్టి, తర్వాత నన్ను దగ్గరికి తీసి బుజ్జగిస్తావు. అమ్మని ఏమీ అడగకూడదట. ఏం అడుగుతాను? మీ ఆడపడుచు ఎప్పుడు అమ్ముడుపోయింది అనా? నీ జాలి నాకు అక్కర్లేదు, నీ పుస్తకాలూ అక్కర్లేదు.

అందుకని ఇప్పుడు చెబుతున్నాను, విను. నీ దగ్గరున్న చీటీల మీదవి మా పేర్లే. గొట్టాల్లో ఉన్నది మా రక్తం కాదు. అంటే మాదే, కానీ ఎవరి పేరున ఎవరిదో దేవుడికి కూడా తెలియదు. రక్తం ఇచ్చే ముందు రోజు అందరి పేర్లూ చీటీలు రాసి ఒక హెల్మెట్‌లో వేశాం. ఎవరికి ఏ పేరు వస్తే నర్సు దగ్గర ఆ పేరు చెప్పాలి. తర్వాత చీటీలన్నీ కొలిమిలో పడేశాం. మీ నర్సులకి మా ముఖాలు తెలియవుగా. ఆలోచన నాదే. ఒక్కడికి కూడా ఉద్యోగం పోకూడదంటే అందరం ఒక్కటైపోవాలి. నాన్న గొణిగింది అందుకే. "ఇన్నేళ్లు మోసిన పేరు, నాకు నా పేరే ముద్దురా" అన్నాడు.

ఇప్పుడు ఏ జన్యువు ఎవడిదో తేల్చుకో.

ఒక్కటే చిరాగ్గా ఉంది. గంట బాబాయ్‌కి నీ కవరు వచ్చింది. ఆ జన్యువు లేదు అని ఉందట. ఆయన మళ్లీ హాల్లోకి మార్పించుకున్నాడు, అక్కడ భత్యం ఎక్కువ కదా. "బాబాయ్, అది నీ రక్తం కాదు, నువ్వు చెప్పింది ఇంకొకడి పేరు, మర్చిపోయావా?" అన్నాను. "తెలుసురా. కానీ చూడు, అచ్చులో నా పేరే ఉంది. మీ అత్త అంత చదువుకుంది, ఊరికే రాస్తుందా?" అంటాడు. పైగా ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుని తిరుగుతున్నాడు. ఏం మనుషులో.

ఒక కార్మికుడు

ఏప్రిల్ 6

ఈ ఉత్తరం మనిషి చేత పంపుతున్నాను. చదవగానే మొదట గంటగారిని హాల్లోంచి బయటికి తీసుకురా. తర్వాత మిగతాది చదువు.

నేను తేల్చాలనుకున్నది ఇది. ఆ జన్యువు లేనివాళ్లు కూడా మీ హాల్లో జబ్బు పడుతున్నారా, లేదా? ధూళి తక్కువ ఉన్నచోట ఎక్కువగా ఆ జన్యువు ఉన్నవాళ్లే జబ్బు పడతారు. ధూళి మితిమీరిన చోట లేనివాళ్లు కూడా పడుతుంటే, మనుషుల్ని ఏరి లాభం లేదు, హాలు మూయాల్సిందే అని నేను విచారణలో గట్టిగా చెప్పగలను. దానికి ఎవరి జబ్బు పక్కన వాళ్ల రక్తం ఉండాలి. మీరు ఆ రెంటినీ విడదీశారు. మీ కంపెనీ ఎంత ఖర్చు పెట్టినా ఇంత శుభ్రంగా చేయలేకపోయేది.

ఇందులో సగం నాది. ఎందుకు తీసుకుంటున్నానో చెప్పకుండా మనుషుల చేతులు చాపించాను. ఎలుకలకి చెప్పే పని లేదు కదా. ఆ అలవాటే.

ఇంకోటి. ఇది రాయడానికి నాకు సిగ్గుగా ఉంది. నీ పేరున్న గొట్టం, అన్నయ్య పేరున్న గొట్టం పక్కపక్కన పెడితే రెండింటికీ ఉమ్మడిగా ఏమీ లేదు. తండ్రీకొడుకులకి సగం కలవాలి. గొట్టాలు తారుమారయ్యాయనుకున్నాను, ఆ అమ్మాయిని తిట్టాను. కాదని తేలాక వారం రోజులు మనసు ఒప్పుకోలేదు, చివరికి నేను అనుకోకూడనిది అనుకున్నాను. వదిన గురించి. అదే మనసులో పెట్టుకుని నీకు ఆ ఉత్తరం రాశాను.

ఆ అమ్మాయి ఇంటికి వెళ్లి క్షమించమన్నాను. తలుపు తీసింది, కూర్చోమనలేదు.

విచారణకి వెళ్లి నా నివేదిక వెనక్కి తీసుకుంటాను. వేరే దారి లేదు.

అత్త

ఏప్రిల్ 20

అత్తా,

ఏం రాయాలో తెలియక ఇన్నాళ్లు ఆగాను.

నీ ఉత్తరం చదివి ఉన్న బట్టలతోనే హాలుకి పరిగెత్తాను. గంట బాబాయ్ రానన్నాడు. "నీ మాట విని పేరు మార్చాను, మీ అత్త మాట విని హాల్లోకొచ్చాను, ఇక ఎవరి మాటా వినను" అని సానరాయి ఆపలేదు. చివరికి పిన్నిని పిలుచుకొచ్చాను. ఆమె గేటు దగ్గరే నిలబడి ఒకే ఒక్క మాట అంది. "నీ కాగితంలో ఉన్నవాడు ఎవడో వాణ్ణి హాల్లో ఉంచు, నా మొగుణ్ణి ఇంటికి పంపు." సానరాయి ఆపేశాడు. ఇప్పుడు మళ్లీ స్టోరులో ఉన్నాడు, నాతో మాట్లాడడం లేదు.

నువ్వు తన గురించి అనుకున్న సంగతి అమ్మకి చెప్పక తప్పలేదు. ఉత్తరం ఆమె చేతికే వచ్చింది. చదివి చాలాసేపు కొంగు నోట్లో పెట్టుకుని కూర్చుంది. ఏడుస్తోందనుకున్నాను. నవ్వుతోంది. "నీ ముక్కు ఎవరి దగ్గర్నుంచి వచ్చిందో ఒకసారి అద్దంలో చూసుకోమను మీ అత్తని. ఇంత చదివి ముక్కు చూడడం రాలేదా?" అంది. తర్వాత నవ్వు ఆపి, "ఇది మీ నాన్నకి చెప్పకు, నవ్వితే దగ్గొస్తుంది" అంది. మర్నాడు మాత్రం, "నా గురించి అలా అనుకోవడానికి ఆవిడకి వారం పట్టింది. కనీసం వారం పట్టింది" అంది. అది కోపమో ఏమిటో నువ్వే తేల్చుకో.

విచారణకి నేనూ వచ్చాను, వెనక బెంచీలో ఉన్నాను. నువ్వు లేచి, నివేదిక చెల్లదు, వెనక్కి తీసుకుంటున్నాను అన్నప్పుడు కంపెనీ లాయరు ముఖం వెలిగిపోయింది. "అంటే కార్మికులు మోసం చేశారని ఒప్పుకుంటున్నారా?" అని అడిగాడు. నువ్వు కళ్లజోడు తీసి తుడుచుకుని, "వాళ్లు భయపడ్డారు. ఆ భయం ఊరికే పుట్టలేదు, పేర్లు కావాలని నాకు రాసింది మీవాళ్లే. ఎందుకో చెప్పకుండా రక్తం తీసుకున్నది నేను" అన్నావు. మీ సంస్థ పెద్దాయన తల దించుకున్నాడు. ఇన్నేళ్ల నీ పేరు ఆ గదిలో ఏమైందో నేను చూశాను. నువ్వు నా వైపు చూడలేదు. చూసి ఉంటే లేచి ఏదో ఒకటి అరిచేవాణ్ణి. మంచిదే అయింది.

రెండు నెలలు గడువిచ్చారు. అప్పటిదాకా హాలు నడుస్తూనే ఉంటుంది. అది నా వల్ల.

గేటు దగ్గర మీటింగు పెట్టి ఉన్నది ఉన్నట్టు చెప్పాను. మళ్లీ రక్తం ఇవ్వాలి, ఈసారి ఎవరి పేరు వాళ్లే చెప్పాలి అన్నాను. ఒకాయన, "వచ్చే నెల ఇంకో పుస్తకం చదివి ఇంకోటి చెబుతావా?" అని అడిగాడు. అందరూ నవ్వారు. కొందరు వెళ్లిపోయారు కూడా. అప్పుడు వెనక నుంచి గంట బాబాయ్, "వాడు కుర్రాడు, అరుస్తాడు. మనకి జుట్టు నెరిసింది, మనం ఎందుకు విన్నాం? కానీ ఈసారి ఆవిడే వచ్చి చెప్పాలి. కాగితం కాదు, మనిషి రావాలి" అన్నాడు.

వస్తావా?

నీ మేనల్లుడు

జూన్ 5

నాన్నా,

క్యాంటీన్‌లో మాట్లాడడం కంటే ఏ మహాసభలోనైనా మాట్లాడడం సులువు. మైకు కుయ్యిమంది. ఎవరో ముందు వరుసలోంచి, "మా పిల్లలకి కూడా వస్తుందా?" అని అడిగారు. పుట్టుకతో వచ్చేది పళ్లెమే, జబ్బు కాదు, ధూళి లేకపోతే ఆ పళ్లెం ఖాళీగానే ఉంటుందని చెప్పాను. ఆ ఒక్క మాట చెప్పి ఉంటే మొదటిసారే సరిపోయేది. హాల్లోకి కూడా వెళ్లాను. ముసుగు కట్టుకుని వెళ్లాను, మీవాళ్లు కట్టుకోకుండా నిలబడి ఉన్నారు. ఎక్కువసేపు ఉండలేకపోయాను.

అన్నయ్య అందరికంటే ముందు కూర్చుని, నర్సు అడక్కముందే తన పేరు పూర్తిగా, ఇంటిపేరుతో సహా చెప్పాడు. అక్కడ నాకు కళ్లు చెమర్చాయి, నువ్వు కిటికీ వైపు తిరిగావు కాబట్టి చూసి ఉండవు. వదిన నా పక్కనే నిలబడింది. తన చేతిలో ఉన్న మంచినీళ్ల గ్లాసు నాకిచ్చింది.

మొదటిసారి వచ్చినంతమంది రాలేదు. కానీ సరిపోయింది. నివేదిక నిన్న విచారణాధికారికి ఇచ్చాను. జబ్బు పడ్డవాళ్లలో ఎక్కువమందికి ఆ జన్యువు ఉంది, అది దాచలేదు. కానీ లేనివాళ్లు కూడా పడ్డారు, అందరూ సానరాళ్ల దగ్గర నిలబడ్డవాళ్లే. పేర్లు ఎక్కడా లేవు.

ఎవరి ఫలితం వాళ్లకే అన్న మాట ఇక్కడ తప్పుతున్నాను. గంటగారికి ఆ జన్యువు ఉంది. ఆయనకి నేనే వచ్చి చెబుతాను, అప్పటిదాకా స్టోరు దాటనివ్వకు. ఇన్నేళ్లు ఆయనకి ఎందుకు జబ్బు రాలేదో నాకు తెలియదు. ఇంకా తెలియనివే ఎక్కువ.

అన్నయ్యలో అది లేదు. నేను చాలాకాలంగా ఉందనే అనుకున్నాను, ఎందుకంటే నాలో ఉంది. నాలో చూసుకుని అన్నయ్య జబ్బుకి కారణం తెలిసిపోయిందనుకున్నాను. నేనే అలా అనుకున్నప్పుడు మేనేజర్లని ఏమనాలి? తనకి ఎలా చెప్పాలో నీకే వదిలేస్తున్నాను.

నీది ఇందులో రాయలేదు. మొదటి నుంచీ నీకది ఇష్టం లేదు. అడిగితే చెబుతాను, అడక్కపోతే నాతోనే ఉంటుంది.

మీ అత్త

జూన్ 23

అత్తా,

నాన్నకి నీ ఉత్తరంలో తన గురించి ఉన్నంతవరకు చదివి వినిపించాను. మళ్లీ చదవమన్నాడు. చదివాను. "అయితే నేను బాగానే పుట్టానన్నమాట" అన్నాడు. అంత మాటకే ఆయాసం వచ్చింది. అమ్మ వీపు నిమిరింది. నేను బయటికొచ్చి సైకిలు గొలుసు ఊడకపోయినా ఊడదీసి మళ్లీ ఎక్కించాను.

నిన్న ఉత్తర్వు వచ్చింది. గొట్టాలు బిగించి, గాలి పరీక్షించేదాకా హాలు మూసేయాలి. కొత్తవాళ్లని రక్తం చూసి తీసుకోకూడదు. మధ్యాహ్నం సానరాళ్లు ఒక్కొక్కటే ఆగిపోయాయి. ఆ చప్పుడు లేకపోతే ఆ గది ఎంత పెద్దదో అప్పుడు తెలిసింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. నేను ఏదో మాట్లాడతానని చూశారు. నేను నా సానరాయి మీద గుడ్డ కప్పాను. గొట్టాలు వచ్చినా నాన్న ఊపిరి వెనక్కి రాదు. నేను చీటీలు రాయించకపోయి ఉంటే సానరాళ్లు రెండు నెలల ముందే ఆగేవి కదా అనే లెక్క తల్లోంచి పోవడం లేదు.

నాది చెప్పు అత్తా. నాన్న వైపు నుంచి రాలేదని తెలిసింది, అమ్మ వైపు సంగతి తెలియదు. హాలు తెరిచి ఉన్నప్పుడు అడిగితే, నన్ను నేను పక్కవాళ్ల నుంచి విడదీసుకున్నట్టు ఉండేది. ఇప్పుడు అందరికీ మూసేశారు. ఇప్పుడు అడగొచ్చు. రేపు మళ్లీ తెరిచాక ఎక్కడ నిలబడాలో తెలుసుకుని నిలబడతాను.

ఉత్తరంలో రాయకు. ఆదివారం పొద్దున బస్సుకి వస్తున్నాను. ఏదైనా సరే, ఎదురుగా కూర్చోబెట్టి చెప్పు. నేను అరవను.

నీ మేనల్లుడు